మెడూసా ముఖం మీద పరదా ఎవరు కప్పారు?

పిల్లల పుస్తకాల గురించి మనం గట్టిగా మాట్లాడుకోవడం తక్కువ. కథని, కవితని, ఆత్మకథని ఎంతో నిశితంగా పరిశీలించిన స్త్రీవాద విమర్శ, పన్నెండు పదమూడేళ్ళ ఆడపిల్లలు పాఠ్యపుస్తకం చాటున పెట్టుకుని చదివే నవలల్ని మాత్రం పెద్దగా పట్టించుకోలేదు. కానీ ఈ వయసులో చదివిన కథలే మనిషి లోపల చాలాకాలం ఉండిపోతాయి. ఎవరు వీరులు, ఎవరు రాక్షసులు, ఎవరిని చూసి జాలిపడాలి, ఎవరిని చూసి పారిపోవాలి అన్నది పిల్లలు అక్కడే నేర్చుకుంటారు. అందుకే రిక్ రియోర్డన్ రాసిన 'ది లైట్నింగ్ థీఫ్' నవల గురించి ఇక్కడ రాయాలనిపించింది.

ఇది 2005లో అమెరికాలో అచ్చయింది. రచయిత అంతకుముందు స్కూల్లో పాఠాలు చెప్పిన మనిషి. ఆయన కొడుక్కి డిస్లెక్సియా, ఏడీహెచ్‌డీ రెండూ ఉన్నాయి. అక్షరాలు తారుమారుగా కనబడటం, ఒకచోట కుదురుగా కూర్చోలేకపోవడం. ఆ పిల్లవాడికి రాత్రిపూట చెప్పిన గ్రీకు పురాణ కథల్లోంచే ఈ నవల పుట్టింది. 2009 నాటికి ఐదు భాగాలు పూర్తయ్యాయి. 2010లో సినిమాగా, 2023 డిసెంబరు నుంచి టీవీ సీరియల్‌గా వచ్చింది.

మా దగ్గరికి మాత్రం ఆబిడ్స్‌లో ఆదివారం ఫుట్‌పాత్ మీద అమ్మే పాత పుస్తకాల్లోంచి వచ్చింది. నేను లాల్‌దర్వాజాలో పుట్టి పెరిగాను, పాతబస్తీలోనే ఇంగ్లీషు పాఠాలు చెప్తాను. మొఘల్‌పురాలో ఒక స్నేహితురాలి ఇంటి ముందు గదిలో శుక్రవారం సాయంత్రాలు పదిమంది దాకా ఆడపిల్లలతో కలిసి పుస్తకాలు చదువుతుంటాం. పదకొండు నుంచి పదహారేళ్ళ వాళ్ళు. దాదాపు అందరూ బురఖా వేసుకుని వచ్చి, గదిలోకి రాగానే తీసి మేకుకి తగిలించేవాళ్ళే. నేను బురఖా వేసుకోను. ఈ తేడా గుర్తుంచుకునే ఇది రాస్తున్నాను.

నవల్లో పెర్సీ జాక్సన్‌కి పన్నెండేళ్ళు. ఆరేళ్ళలో ఆరు బడులు మారాడు. క్లాసుతో మ్యూజియం చూడ్డానికి వెళితే లెక్కల టీచరు రెక్కలున్న రాక్షసిగా మారి మీదికొస్తుంది. తను సముద్రదేవుడు పొసైడన్ కొడుకునని తర్వాత తెలుస్తుంది. జ్యూస్ వజ్రాయుధాన్ని దొంగిలించాడని నింద పడితే, నిజమైన దొంగని వెతుకుతూ ఇద్దరు స్నేహితులతో అమెరికా ఈ చివరినుంచి ఆ చివరికి వెళ్తాడు. అందులో ఒకరు జ్ఞానదేవత ఎథీనా కూతురు ఆనబెత్. ఇంకొకరు గ్రోవర్, సగం మేక, సగం మనిషి.

మా పిల్లలకి ఈ నవల ఎందుకంత నచ్చిందో మొదట చెప్పాలి. పెర్సీకి ఇంగ్లీషు అక్షరాలు కళ్ళముందు ఈదుతుంటాయి. అందుకు నవల చెప్పే కారణం ఏమిటంటే, అతని బుర్ర ప్రాచీన గ్రీకు చదవడానికి తయారైంది కాబట్టి. కుదురుగా కూర్చోలేకపోవడం జబ్బు కాదట, యుద్ధంలో ప్రాణం కాపాడే చురుకుదనమట. అంటే లోపం పిల్లవాడిలో లేదు, బడి వాడి భాషలో మాట్లాడటంలేదు. ఈ మాట పాతబస్తీ ఆడపిల్లకి ఎంత దగ్గరగా తగులుతుందో ఊహించండి. నాలుగైదేళ్ళ వయసులో ఖాయదా పట్టుకుని అరబ్బీ అక్షరాలు, ఆ వెంటనే ఉర్దూ, రెండూ కుడినుంచి ఎడమకి. బడిలో ఇంగ్లీషు ఎడమనుంచి కుడికి. 2018లో వచ్చిన చట్టం తర్వాత తెలంగాణలో అన్ని బడుల్లోనూ తెలుగు తప్పనిసరి. కొందరికి పైన హిందీ కూడా. ఇన్ని లిపుల మధ్య ఆ పిల్ల తడబడితే టీచరు 'మొద్దు' అంటుంది. మా గదిలో ఒకమ్మాయి పెర్సీ చదువు గురించి విని, "నా బుర్ర దేనికి తయారైందో మరి" అంది. అందరం నవ్వాం. కానీ 'నాకు చదువు రాదు' అనే మాట, 'నాకు వచ్చిన చదువుని ఈ బడి గుర్తించదు' అన్న మాటగా మారడం చిన్న విషయం కాదు. ఆ పని ఈ నవల చేసింది. దానికి నేను రచయితకి రుణపడి ఉన్నాను.

రెండోది పెర్సీ తల్లి శాలీ. చిన్నప్పుడే తల్లిదండ్రులు పోయి మేనమామ ఇంట్లో పెరిగింది. రచయిత్రి కావాలనుకుంది. మేనమామకి కాన్సర్ వస్తే ఆయన్ని చూసుకోవడానికి చదువు మానేసింది. ఇప్పుడు గేబ్ అనే తాగుబోతు, జూదగాడితో కాపురం చేస్తోంది. ఆమె జీతం అతని పేకాటకి పోతుంది. అతను ఆమె మీద చెయ్యి చేసుకుంటాడని కొడుక్కి చివర్లోగానీ తెలియదు. ఇలాంటి మనిషిని ఎందుకు భరించింది? అతని దగ్గర కొట్టే కంపు పెర్సీ వాసనని కప్పేస్తుంది, రాక్షసులు కొడుకుని పసిగట్టలేరు, అందుకని. అమెరికా ఫాంటసీ నవల్లో కూడా తల్లి దెబ్బలు తినడానికి కారణం 'పిల్లల కోసం' అన్నదే. ఈ జవాబు వినని స్త్రీవాద కార్యకర్త మన దగ్గర ఉంటుందా? ఈ నవల వచ్చిన 2005లోనే మన పార్లమెంటు గృహహింస నిరోధక చట్టాన్ని చేసింది. అది వచ్చి ఇన్నేళ్ళయినా ఫిర్యాదు దాకా వెళ్ళిన చాలామందిని వెనక్కి లాగేది ఆ రెండు మాటలే. తల్లి సహనానికి ఒక మాయాశక్తిని అంటగట్టి రచయిత దాన్ని గొప్ప చేశాడని నాకు అభ్యంతరం ఉంది. అయినా పిల్లల నవల్లో దెబ్బలు తినే తల్లిని దాచకుండా చూపించినందుకు, ఆమెని ఏడుపు బొమ్మగా మిగల్చనందుకు మెచ్చుకోవాలి.

ఇప్పుడు పదకొండో అధ్యాయానికి వద్దాం. అసలు గొడవంతా అక్కడే ఉంది.

బస్సు ధ్వంసమై, ఆకలితో, తడిసి ముద్దయి అడవి దారిలో నడుస్తున్న ముగ్గురు పిల్లలకి ఒక దుకాణం కనిపిస్తుంది. ముందంతా సిమెంటు బొమ్మలు. తలుపు తీసిన ఆవిడ పొడవాటి నల్లటి దుస్తుల్లో ఉంటుంది. చేతులు తప్ప ఏమీ కనిపించవు. తలంతా ముసుగు, కళ్ళ మీద పల్చటి నల్లగుడ్డ. ఆ దుస్తులు చూసి పెర్సీ ఆమెది పశ్చిమాసియా అనుకుంటాడు, మాట యాస కూడా అలాగే ఉందనుకుంటాడు. పేరు ఎమ్ ఆంటీ. పిల్లల్ని లోపలికి పిలిచి కడుపునిండా తిండి పెడుతుంది. తర్వాత ఫోటో తీస్తానని కూర్చోబెట్టి ముసుగు తీయబోతుంది. ఆమే మెడూసా. ఆమె కళ్ళలోకి చూసినవాళ్ళు రాళ్ళయిపోతారు. బయట ఉన్న బొమ్మలన్నీ ఒకప్పటి మనుషులే.

ఈ అధ్యాయాన్ని మా గదిలో ఒకమ్మాయి పైకి చదివింది. తలుపు తెరుచుకోగానే ఇంకొకమ్మాయి, "బిల్‌కుల్ హమారే ఖాలాకే జైసీచ్ హై" అని నవ్వింది. అచ్చం మా పిన్నిలాగే ఉంది అని. వాళ్ళెవరికీ భయం వెయ్యలేదు. ఎందుకు వేస్తుంది? ముసుగు వేసుకున్న ఆడమనిషి ఆకలిగా ఉన్న పిల్లల్ని ఇంట్లోకి పిలిచి అన్నం పెట్టడం వాళ్ళ గల్లీలో రోజూ జరిగేదే. పెర్సీకి అనుమానం పుట్టించాల్సిన గుర్తులే వీళ్ళకి భరోసా ఇచ్చాయి. అసలు సంగతి బయటపడ్డాక గదిలో కాసేపు ఎవరూ మాట్లాడలేదు. చివరికి ఖాలా అన్న పిల్లే, "అన్నం పెట్టింది కదా టీచర్" అంది.

పుస్తకం ఎవరిని తన పాఠకులుగా ఊహించుకుందో ఆ నిశ్శబ్దంలో నాకు తెలిసింది. 2001 సెప్టెంబరు దాడులు జరిగి అప్పటికి నాలుగేళ్ళు. న్యూయార్కు కుర్రాడి కళ్ళకి నల్లటి ముసుగు ఏమని చెప్పాలో ఆ సమాజం అప్పటికే నిర్ణయించేసింది. అది పెర్సీ ఊహ మాత్రమేగా అని వాదించవచ్చు. నిజమే, పెర్సీ 'అనుకున్నాడు' అనే రచయిత రాశాడు. కానీ ఆ ఊహ తప్పని నవల్లో ఎక్కడా రుజువు కాదు. ముసుగు కింద నిజంగానే పాములుంటాయి. పన్నెండేళ్ళ పాఠకుడికి మిగిలే పాఠం, ముసుగుని నమ్మొద్దనే.

ఇది పుస్తకంలోనే ఆగిపోయే విషయమైతే ఇంత రాయను. 2022లో కర్ణాటకలో హిజాబ్ వేసుకున్న విద్యార్థినుల్ని కాలేజీ గేటు బయట నిలబెట్టారు. ఆ మార్చిలో హైకోర్టు ఆ నిషేధాన్ని సమర్థించింది, అక్టోబరులో సుప్రీంకోర్టు న్యాయమూర్తులిద్దరూ చెరొక తీర్పు ఇచ్చారు. 2023 జూన్‌లో మన హైదరాబాదులోనే ఒక మహిళా కాలేజీలో పరీక్ష రాయడానికి వచ్చిన అమ్మాయిలు తమచేత బురఖాలు తీయించారని చెప్పారు. బురఖా మీద మన మధ్య భిన్నాభిప్రాయాలున్నాయి, ఉండాలి కూడా. దానిలోపల ఊపిరాడనితనం గురించి ముస్లిం స్త్రీలే ఎంతో రాశారు. షాజహానా తన కవితా సంకలనానికి 'నఖాబ్' అని పేరు పెట్టుకుంది. పాతబస్తీ కవయిత్రి జమీలా నిషాత్ దక్కనీలో రాస్తూ, ఇక్కడి ఆడపిల్లల మధ్యే పనిచేస్తోంది. ముసుగు వేసుకున్న మనిషి ముసుగు గురించి మాట్లాడటం వేరు, బయటివాడు దాని వెనక పాముల్ని చూడటం వేరు. మొదటిది విమర్శ. రెండోది భయం.

ఇంతకీ మెడూసా ఎవరు? హీసియడ్ చెప్పిన పాత కథలో ఆమె, పొసైడన్ మెత్తని పచ్చికలో కలుసుకుంటారు, అంతే. ఆ తర్వాత ఎన్నో వందల ఏళ్ళకి రోమన్ కవి ఓవిడ్ చెప్పిన కథలో సముద్రదేవుడు ఆమెని ఎథీనా గుడిలో బలాత్కరిస్తాడు. దేవత అతన్ని ఏమీ అనదు. తన గుడి మైలపడిందని ఆమె జుట్టుని పాములుగా మార్చేస్తుంది. రియోర్డన్ నవల్లో ఇది ఇంకో రకంగా మారింది. మెడూసా పొసైడన్ గర్ల్‌ఫ్రెండట, ఇద్దరూ ఎథీనా గుడిలో కలుసుకున్నారట, అందుకని దేవతకి కోపం వచ్చిందట. పిల్లల పుస్తకంలో బలాత్కారం గురించి ఎలా రాస్తారని అడగొచ్చు. నేరాన్ని చెప్పలేకపోతే శిక్షని కూడా చెప్పకుండా ఉండొచ్చు. నేరం తీసేసి శిక్షని మాత్రం ఉంచితే, ఆ శిక్షకి ఆమే అర్హురాలన్నట్టు అవుతుంది.

మా గదికి వచ్చే ఒకమ్మాయి మధ్యలో రెండు నెలలు రాలేదు. ట్యూషన్ దారిలో ఒకడు వెంటపడుతున్నాడని ఇంట్లో ట్యూషనూ, మా దగ్గరికి రావడమూ రెండూ మాన్పించారు. ఆ కుర్రాడు మాత్రం అదే గల్లీ మొదట్లో అదే బండి మీద కూర్చునే ఉన్నాడు. చెల్లెలి చేత ఆ అమ్మాయి ఈ పుస్తకం తెప్పించుకుంది. తిరిగి వచ్చిన పుస్తకంలో, మెడూసా కథని ఆనబెత్ చెప్పే చోట పక్కన పెన్సిల్‌తో ఉర్దూలో ఒక ప్రశ్న ఉంది: మరి పొసైడన్‌కి ఏం శిక్ష వేశారు? ఈ నవల మీద నేను చదివిన విమర్శల్లో ఇంతకన్నా సూటిగా ఉన్నది లేదు. పొసైడన్‌కి ఏ శిక్షా లేదు. పైగా అతను కథానాయకుడి తండ్రి. చివర్లో తండ్రీకొడుకులు కలుసుకున్నప్పుడు మనం కళ్ళు తుడుచుకోవాలి కూడా.

ఎథీనా పాత్ర మనకి కొత్తదేం కాదు. అబ్బాయి ఏడిపించాడని చెప్పుకోవడానికి వెళ్ళిన అమ్మాయితో 'ముందు చున్నీ సరిగ్గా వేసుకో' అనే హెడ్‌మిస్ట్రెస్ ఆమే. చదువుకున్నది, అధికారంలో ఉన్నది, తెలివైనది. కానీ తండ్రి తలలోంచి పుట్టింది, తండ్రి చట్టాన్నే కాపాడుతుంది.

మన పురాణాల్లోనూ ఈ కథలున్నాయి. గ్రీకుల దగ్గర చెరచబడిన స్త్రీ ఇతరుల్ని రాయి చేస్తుంది. మన దగ్గర మోసపోయిన అహల్యే రాయి అవుతుంది. వాల్మీకంలో ఆమె బూడిదలో ఎవరికీ కనిపించకుండా పడి ఉంటుంది, రాయి కావడం తర్వాతి కథల్లో స్థిరపడింది. రేణుక మనసు క్షణం చలించిందన్న అనుమానానికే భర్త ఆజ్ఞ ఇచ్చాడు, కొడుకు తల నరికాడు. అయితే ఆ తలని తెలంగాణ ఏం చేసిందో చూడండి. ఎల్లమ్మని చేసి పూజించింది. ఆషాఢంలో మా లాల్‌దర్వాజాలో తల మీద బోనం పెట్టుకుని నడిచే ఆడవాళ్ళని చూస్తూ పెరిగినదాన్ని నేను. ఉగ్రరూపంలో ఉన్న ఆడదాని దగ్గరికి అన్నం పట్టుకుని వెళ్ళడం మాకు తెలుసు. అలంపురంలో జోగులాంబ జుట్టులో తేలు, బల్లి ఉంటాయి. ఆమెని చూసి ఎవరూ కత్తి తియ్యరు, దణ్ణం పెడతారు. జుట్టులో పురుగూ పుట్రా ఉన్నంత మాత్రాన ఆడది రాక్షసి కానక్కరలేదని మన నేలకి తెలుసు. పూజించినంత మాత్రాన ఆమెకి న్యాయం జరిగిందని నేను అనను. రేణుకని మళ్ళీ మనిషిగా మాట్లాడించడానికి ఓల్గా 'విముక్త' రాయాల్సి వచ్చింది. అందులో సీత శూర్పణఖనీ, అహల్యనీ, రేణుకనీ కలుసుకుని వాళ్ళ మాట వింటుంది. మెడూసాతో ఆనబెత్ ఎప్పుడూ అలా మాట్లాడదు.

ఇక మెడూసా తల సంగతి. గ్రీకు కథలో పెర్సియస్ ఆ తల తెచ్చి, తన తల్లి వెంటపడుతున్న రాజు పాలిడెక్టీస్‌ని రాయి చేస్తాడు. కొడుకు తల్లిని రక్షిస్తాడు. రియోర్డన్ ఇక్కడ మంచి మార్పు చేశాడు. పెర్సీ ఆ తల ఉన్న పెట్టెని ఇంట్లో వదిలి వెళ్ళిపోతాడు, నిర్ణయం తల్లిది. దేవుడో కొడుకో వచ్చి తన బతుకు బాగుచెయ్యడం ఆమెకి ఇష్టం లేదు. గేబ్ శిలగా మారతాడు. శాలీ ఆ శిల్పాన్ని అమ్మి, ఆ డబ్బుతో కొత్త ఇంటికి బయానా ఇచ్చి, యూనివర్సిటీలో ఫీజు కట్టి చదువు మొదలుపెడుతుంది. హింసించిన భర్తని అమ్మి చదువుకున్న స్త్రీ! పిల్లల నవలకి ఇది చాలా తెగువైన ముగింపు. సినిమా, టీవీ రెండూ ఈ తెగువని భరించలేకపోయాయి. 2010 సినిమాలో గేబ్ తనే ఫ్రిజ్ తెరిచి రాయవుతాడు. 2024 జనవరిలో ముగిసిన టీవీ మొదటి భాగంలోనూ తనే పార్సిల్ విప్పి రాయవుతాడు. ఆడమనిషి చేతికి మట్టి అంటకుండా చూసుకున్నారు. ఆ జాగ్రత్తతోనే ఆమె చేతిలోని నిర్ణయం కూడా పోయింది.

కానీ నన్ను వదలని విషయం ఒకటుంది. శాలీ విముక్తికి పనికొచ్చింది మెడూసా తల. దెబ్బలు తిన్న ఒక స్త్రీ బయటపడటానికి, చెరచబడిన ఇంకో స్త్రీ తల తెగిపడాలి. ఈ ఇద్దరూ ఒకరినొకరు ఎప్పుడూ చూసుకోరు. తెల్లజాతి తల్లికి చదువు, కొత్త ఇల్లు. ముసుగులోని గోధుమరంగు చేతుల మనిషికి పార్సిల్ పెట్టె. ఈ లెక్క నవలకి కనిపించలేదు. ఎవరి విముక్తికి ఎవరు ముడిసరుకు అవుతున్నారన్నది స్త్రీవాదం తనని తాను ఎన్నోసార్లు వేసుకోవాల్సి వచ్చిన ప్రశ్న. దళిత స్త్రీలూ ముస్లిం స్త్రీలూ మనల్ని అడిగినదీ అదే.

రియోర్డన్ అక్కడే ఆగిపోలేదని కూడా చెప్పాలి. 2015లో మొదలుపెట్టిన మరో వరుసలో సమీరా అనే హిజాబ్ వేసుకునే అమ్మాయిని వీరురాలిగా పెట్టాడు. ఆమె హిజాబ్ మనిషిని కనబడకుండా దాచే మాయవస్త్రం. టీవీ సీరియల్లో మెడూసా తన కథ తను చెప్పుకుంటుంది, నల్ల బురఖా కూడా పోయింది. ఇవి మంచి మార్పులే. కానీ మా గదిలోకి వచ్చేది ఆబిడ్స్‌లో దొరికే 2005 నాటి పుస్తకం. అందులో ఆ పేజీలు మారలేదు.

అయితే పుస్తకం పిల్లల చేతిలోంచి లాక్కోవాలా? అక్కర్లేదు. ఆ పెన్సిల్ ప్రశ్న రాసిన పిల్లకి పుస్తకం లేకపోతే ప్రశ్న ఎక్కడిది? 1975లో ఎలెన్ సిక్సూ స్త్రీల రాతకి మెడూసానే గుర్తుగా తీసుకుంది. మా పిల్ల ఆ వ్యాసం చదవలేదు, చదవకుండానే అక్కడికి చేరింది. మనం చెయ్యాల్సింది పక్కన ఇంకొన్ని పుస్తకాలు పెట్టడం. హైదరాబాదులోని అన్వేషి 2008లో తెలుగు, మలయాళం, ఇంగ్లీషు భాషల్లో పిల్లల కథల వరుస తెచ్చింది. గోగు శ్యామల కథలో గెలిచేది తాటకి. రామాయణంలో బాణం దెబ్బకి పడిపోయిన పేరుని దళిత ఆడపిల్లకి ఇచ్చి గెలిపించడంలో ఎంత పురాణ విమర్శ ఉందో! అలాంటివి అప్పుడొకటి ఇప్పుడొకటి వచ్చి ఆగిపోయాయి.

పాతబస్తీలో బడి ఉంది, అద్దె ఇళ్ళలో నడిచే ఇరుకు బడులు ఎన్నో ఉన్నాయి. కథలకి కొదవలేదు. జిన్నులున్నాయి, ఎల్లమ్మ ఉంది, పీర్లున్నాయి, నాలుగు లిపులు వచ్చిన ఆడపిల్లలున్నారు. బురఖాని మేకుకి తగిలించి, చదువుకుని, మళ్ళీ తొడుక్కుని ఇంటికి వెళ్ళే పిల్ల ఏ దేవత కూతురో, ఆమె బుర్ర దేనికి తయారైందో చెప్పే నవల తెలుగులో గానీ దక్కనీలో గానీ నా చేతికి రాలేదు. ఎవరైనా రాస్తే, అందులో ఎమ్ ఆంటీ మళ్ళీ తలుపు తెరవాలి, మళ్ళీ అన్నం పెట్టాలి. ఈసారి పిల్లలు కత్తి తియ్యకుండా, కూర్చుని ఆమె కథ అడగాలి.